గురువు తిట్టిన రాత్రి ఏం చేయాలి?

సారు నీ బొమ్మను పక్కన పడేశారని వారం నుంచి పెన్సిల్ ముట్టకుండా కూర్చున్నావా? లే తమ్ముడూ. ఈ వారంలో మొద్దుబారింది ఆయన చెయ్యి కాదు, నీదే.

కరీంనగర్‌లో నేను బొమ్మలు నేర్చుకునే రోజుల్లో మా సారు నోట మెచ్చుకోలు విన్నవాళ్లు లేరు. బీడీలు చుట్టే ఒకామెను గీసి తీసుకుపోతే, "ఈమె బీడీ చుడుతున్నదా, జపం చేస్తున్నదా? చేతులు గీసుడు నీకు ఈ జన్మల రాదు" అన్నారు, అందరి ముందూ. ఇప్పటికీ గుర్తొస్తే గొంతు పట్టుకుంటుంది.

ఆ రాత్రి పట్టుకున్న అలవాటే నన్ను నిలబెట్టింది. ఆయన అన్నదంతా ఉన్నదున్నట్టు నోటుబుక్కులో రాశాను. అందులో నా మీద అన్నవి కొట్టేశాను. 'ఈ జన్మల రాదు' పోయింది. బొమ్మ మీద అన్నది మిగిలింది: జపం చేస్తున్నట్టుంది. తెల్లారి ఆమె దగ్గరికే పోయి కూర్చున్నాను. చాటలోని తంబాకు తునికాకులో పోసి చుట్టేటప్పుడు బొటనవేళ్లు ఆకును గట్టిగా నొక్కి దొర్లిస్తాయి, బలమంతా వేళ్ల కొసల్లోనే. నా బొమ్మలో వేళ్లు ఆకును ఊరికే తాకుతున్నాయి. మళ్లీ గీసి చూపిస్తే సారు "చాట ఏది?" అన్నారు. అదీ రాసుకున్నాను.

రాయి, కొట్టెయ్యి, మిగిలినదాన్ని పొద్దున గీయి. రాత్రి మాత్రం గీయకు, కోపం గీతలోకి దిగుతుంది. అన్నీ కొట్టేయాల్సినవే అయితే ఆ రోజు నీకు పాఠమే జరగలేదు, నిద్రపో. వయొలిన్ విద్యార్థులను పరిశీలించిన మనస్తత్వవేత్త ఆండర్స్ ఎరిక్సన్ కూడా చెప్పింది దాదాపు ఇదే: ఊరికే గంటలు గడిపితే చాలదు, తప్పెక్కడుందో తెలుసుకుని దాన్నే దిద్దుకోవాలి.

అట్లాగని గురువు నీడలోనే ఉండిపోకు. వేములవాడ దగ్గరి బూరుగుపల్లిలో 1942లో పుట్టిన చిత్రకారుడు తోట వైకుంఠం బరోడా వెళ్లి కె.జి. సుబ్రమణ్యన్ దగ్గర నేర్చుకున్నారు. ఆ సుబ్రమణ్యన్ శాంతినికేతన్‌లో నందలాల్ బోస్ శిష్యుడు. అంతటి గురువు దగ్గర చదివి కూడా వైకుంఠం లోకానికి తెలిసింది మన పల్లె ఆడవాళ్లతోనే: పెద్ద బొట్టు, ముదురు రంగు చీర, నల్లని ఒళ్లు. గీత ఎవరి దగ్గరైనా నేర్చుకో, ఎవరిని గీయాలో మాత్రం నీ ఊరినే అడుగు.

ఇక మిగతావి: క్లాసుకు ముందే పో, తిండి మానకు, ఫీజు మాట మొదట్లోనే తేల్చుకో, తోటివాళ్ల దగ్గర చాడీలు చెప్పకు. కులం పేరెత్తినా, చెయ్యి చేసుకున్నా ఆ రోజే బయటికి రా. అక్కడ ఓపిక పట్టమని నేను చెప్పను.