ముందు చంకనెత్తుకోకు

చిరంజీవి అమ్మలుకి,

డాష్‌హండ్ కుక్కపిల్లను తెచ్చుకున్నావని అమ్మ చెప్పింది. పశువుల ఆసుపత్రిలో ఉద్యోగం వెళ్లబుచ్చినవాణ్ణి, ముచ్చటతో పాటు భయమూ వేసింది.

ఆ జాతికి పొట్టి కాళ్లిచ్చిన జన్యువే వెన్నుపూసల మధ్య డిస్కులను చిన్న వయసులోనే గట్టిపరుస్తుంది. మూడు నుంచి ఏడేళ్ల మధ్య అవి ఎక్కువగా చిట్లి వెన్నుపామును నొక్కుతాయి. ఏ బండీ గుద్దక్కర్లేదు, సోఫా మీంచి దూకినా చాలు. మొదట నడుము గూనిలా పెట్టి నిలబడుతుంది, మెట్లెక్కనని మొరాయిస్తుంది, ఎత్తబోతే కుయ్యిమంటుంది. తర్వాత వెనక కాళ్లు తూలతాయి, పంజా మడతపడి నేలకు రాసుకుంటుంది. ఆ పైన కాళ్లీడుస్తుంది, మూత్రం బిగుసుకుంటుంది. ‘అన్నం తింటోందిగా, రేపు చూద్దాం’ అని ఎంతమంది అన్నారో! కాళ్లు పడిపోయాక గంటలే లెక్క.

పడిపోయిన కాలి వేలు గట్టిగా నొక్కితే కాలు లాక్కుంటోందని కొందరు సంబరపడతారు. తెగిన వెన్నుపాముతోనూ కాలు దానంతటదే ముడుచుకుంటుంది. తల తిప్పి చూస్తేనో, అరిస్తేనో నొప్పి మెదడుకు చేరినట్టు. ఆ నొప్పి తెలుస్తుండగా ఆపరేషన్ చేస్తే చాలావరకు మళ్లీ నడుస్తాయి, పూర్తిగా పోయాక దాదాపు సగమే. ఆ పరీక్ష మాత్రం డాక్టరుకే వదిలెయ్యి.

అది పడిపోగానే నీ చేతులు ఊరుకోవు, తెలుసు. కానీ చంకనేసుకుంటే నడుము వంగి, మిగిలిన వెన్నుపామూ దెబ్బతింటుంది. ప్లైవుడ్ ముక్కో, ఇస్త్రీ బల్లో పక్కన పెట్టి, ఇద్దరు కలిసి ఒళ్లు మెలిపడకుండా దానిమీదికి జరపండి. భుజాల దగ్గర, తుంటి దగ్గర చున్నీతో కట్టు. మెడ మీద కట్టకు. నొప్పిలో ఎంత మచ్చిక కుక్కైనా కరుస్తుంది, జాగ్రత్త.

బాల్కనీ మీంచి పడ్డా, బండి తగిలినా తల సంగతీ చూడాలి. కనుపాపలు ఒకటి పెద్దగా, ఒకటి చిన్నగా ఉండటం, కళ్లు అటూ ఇటూ కొట్టుకోవడం, తల ఓరగా వాలడం, చెవిలోంచి రక్తం, మూర్ఛ మెదడు దెబ్బకు గుర్తులు. మెడ బెల్టు తీసెయ్యి. అది మెడలోని రక్తనాళాలను నొక్కితే మెదడులో ఒత్తిడి పెరుగుతుంది. మెడ వంచకుండా, బల్లనే తలవైపు కాస్త ఎత్తుగా పట్టుకో. నీళ్లు పట్టకు. లేచి తిరుగుతోందని ఇంటికి తెచ్చెయ్యకు, ఒకట్రెండు రోజులు డాక్టరు కనిపెట్టి ఉండాల్సిందే.

మన మందులపెట్టె జోలికి పోవద్దు. పారాసెటమాల్ ఒక్క బిళ్ల పిల్లి ప్రాణం తీస్తుంది, ఐబుప్రోఫెన్ కుక్క కడుపునూ కిడ్నీలనూ పాడుచేస్తుంది. పాపం, ప్రేమతోనే ఇస్తారు.

ఎక్స్‌రేలో వెన్నుపాము కనబడదు, ఎం.ఆర్.ఐ. గానీ సీటీ గానీ కావాలి. అది అన్నిచోట్లా ఉండదు. మీ హైదరాబాదులో రాజేంద్రనగర్ పశువైద్య కళాశాల ఉంది. అక్కడైనా, ప్రైవేటులోనైనా అర్ధరాత్రి చూసేదెవరో ఇవాళే అడిగి నంబరు ఫోన్లో పెట్టుకో.

మావయ్య