జహర్ మొహరా రాయిని ఇంట్లో దంచవచ్చునా?



కొన్నాళ్ళ క్రితం ఒక తల్లి రెండేళ్ళ బిడ్డను ఎత్తుకొని నా దవాఖానాకు వచ్చింది. బిడ్డకు వాంతులు, విరేచనాలు. కొంగు ముడి విప్పి ఒక పచ్చని రాయి నా ముందు పెట్టింది. "హకీమ్ సాబ్, ఇది జహర్ మొహరా అని బజార్లో ఒకతను అమ్మాడు. దంచి తేనెలో నాకించమన్నాడు. ఎంత నాకించాలి?" అని అడిగింది. అప్పటికే ఒక మూల దంచి ఉంది. ఆ రాయికి ఒక పక్క పట్టుదారం లాంటి తెల్లని చారలున్నాయి. గోరు తగిలితే పీచు లేచింది. ఆ చారల గురించే ఈ వారం పాఠం.

ముందు పేరు సంగతి. ఫార్సీలో పాద్‌జహర్ అంటే విషానికి విరుగుడు. ఇందులో రెండు రకాలు. మేక జాతి జంతువుల కడుపులో దొరికేది హైవానీ, నేలలో దొరికేది మాదనీ. 11వ శతాబ్దంలో అల్ బైరూనీ రత్నాల మీద రాసిన కితాబుల్ జమాహిర్‌లోనూ పాద్‌జహర్ ప్రస్తావన ఉంది. మన యూనానీలో జహర్ మొహరా ఖతాయీ అనేది మాదనీ రకం. ఖతా అంటే చైనాకు పాత పేరు. గుండెకు బలమనీ, మనసుకు హుషారనీ మన గ్రంథాలు చెబుతాయి. జవాహర్ మొహరా మందులో దీన్ని కలుపుతారు. పాము కాటుకు మాత్రం దీన్ని నమ్ముకోకండి. కాటు పడితే నేరుగా ఆస్పత్రికి పోయి విషం విరుగుడు ఇంజక్షన్ వేయించుకోవాలి.

భూగర్భ శాస్త్రజ్ఞులు ఈ రాయిని సర్పెంటైన్ అంటారు. పాము చర్మంలా పచ్చని మచ్చలుంటాయి కనుక ఆ పేరు వచ్చింది. భూమి లోపలి నల్లని బరువైన రాళ్ళలోకి నీరు చొరబడి వాటిని మార్చివేస్తే ఇది పుడుతుంది. నూరు పాళ్ళలో సుమారు 43 పాళ్ళు మెగ్నీషియం ఆక్సైడ్, 43 పాళ్ళు సిలికా, 13 పాళ్ళు నీరు. రాతిలో నీరేమిటని ఆశ్చర్యపోకండి, అది తడిగా ఉండదు, రాయి నిర్మాణంలోనే కలిసిపోయి ఉంటుంది. పచ్చదనం ఎక్కువగా ఇనుము వల్ల వస్తుంది. నికెల్, క్రోమియం కూడా కొద్దిగా ఉండవచ్చు. చేతికి సబ్బులా నున్నగా తగులుతుంది, చాకుతో గీస్తే గీత పడుతుంది. అసలు యషబ్ మీద అలా పడదు. యషబ్ పేరుతో దీన్ని అమ్మేవాళ్ళు ఉన్నారు కనుక ఈ తేడా గుర్తుంచుకోండి.

అసలు విషయం ఇక్కడుంది. ఈ రాతిలో ముఖ్యంగా మూడు ఖనిజాలు ఉంటాయి: లిజార్డైట్, ఆంటిగోరైట్, క్రిసోటైల్. మూడింటి సరుకు దాదాపు ఒకటే, అల్లిక వేరు. లిజార్డైట్‌లో పొరలు పరచిన చాపలా ఉంటాయి. ఆంటిగోరైట్‌లో అలల్లా ఉంటాయి. క్రిసోటైల్‌లో చుట్టిన చాపలా గొట్టాలవుతాయి. ఒక్కో గొట్టం తల వెంట్రుక కంటే వేల రెట్లు సన్నం. ఆ క్రిసోటైలే తెల్ల ఆస్‌బెస్టాస్. దాన్ని దారంగా వడికి బట్ట కూడా నేశారు. సాంచెల మధ్య బతికే మనకు పీచు ఎట్లా విడిపోతుందో చెప్పనక్కరలేదు. ఇది మాత్రం నిలువునా చీలుతూ ఇంకా సన్నబడుతుంది, గాలిలో తేలి ఊపిరితిత్తుల్లోకి పోతుంది. ఆస్‌బెస్టోసిస్, ఊపిరితిత్తుల క్యాన్సర్, వాటి పొరకు వచ్చే క్యాన్సర్ పదేళ్ళకో, ముప్పై నలభై ఏళ్ళకో బయటపడతాయి. అన్ని రకాల ఆస్‌బెస్టాస్ క్యాన్సర్ కారకమేనని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది.

మన తెలుగు నేలపై కడప జిల్లా పులివెందుల ప్రాంతంలో ఈ తెల్ల పీచు దొరికేది. అక్కడ సున్నపురాతి పొరల్లోకి కరిగిన నల్లరాయి చొచ్చుకొచ్చి, ఆ వేడికి, నీటికి సర్పెంటైన్ పుట్టింది. 1986లో కేంద్ర ప్రభుత్వం ఆస్‌బెస్టాస్ తవ్వకానికి కొత్త లీజులు ఆపింది. అయినా రష్యా వంటి దేశాల నుంచి దిగుమతి సాగుతూనే ఉంది, సిమెంటు రేకులు తయారవుతూనే ఉన్నాయి. ఈ వింత నాకు ఎన్నడూ అర్థం కాదు. 1995లో సుప్రీం కోర్టు ఆస్‌బెస్టాస్ కార్మికుల ఆరోగ్య రికార్డులను పనిలో చేరిన నాటి నుంచి 40 ఏళ్ళు, లేదా పని మానిన తర్వాత 15 ఏళ్ళు, ఏది ఆలస్యమైతే అంతవరకు ఉంచాలని ఆదేశించింది. రోగం ఎంత ఆలస్యంగా వస్తుందో దీన్ని బట్టే తెలుస్తుంది.

మన భివండీలో కార్ఖానాల మీద, చాళ్ళ మీద ఉన్న పాత సిమెంటు పత్రాల్లో ఈ పీచు ఉండవచ్చు. కదలకుండా ఉన్నంతవరకు భయం తక్కువ. కోసినా, రంధ్రం వేసినా, పగలగొట్టినా ధూళి లేస్తుంది. వానల ముందు రేకు మార్చేటప్పుడు నీళ్ళు చల్లి తడిపి, పగలకుండా మొత్తంగా దించండి. ముక్కలను పొడి చీపురుతో ఊడవకండి, తడిగుడ్డతో ఎత్తండి. పిల్లలను ఆ చోటికి రానివ్వకండి. దగ్గు వస్తే పత్తి ధూళే కారణమని ఊరుకోకుండా, ఏ రేకుల కింద ఎన్నేళ్ళు పని చేశారో డాక్టరుకు చెప్పండి.

ఇక జహర్ మొహరా. యూనానీ దవాసాజీలో దీన్ని కల్వంలో గులాబీ అర్క్ పోసి తడిగానే నూరుతారు. దానివల్ల ధూళి లేవదు గానీ, రాతిలో పీచు ఉంటే అది పోదు. కనుక పీచు చారలున్న రాయి మందుకు పనికిరాదని నా అభిప్రాయం. చారలు కనిపించనంత మాత్రాన మంచిదని కంటితో తేల్చలేము. బజారు రాయిని ఇంట్లో దంచకండి. పేరున్న దవాఖానా తయారు చేసిన మందే, అది కూడా హకీమ్‌ను అడిగి, వాడండి.

ఆ తల్లికి రాయి పొడి ఇవ్వవద్దన్నాను. ఓఆర్ఎస్ పొట్లం కలిపి చెంచా చెంచాగా తాగించమన్నాను. కళ్ళు లోపలికి పోయినా, మూత్రం ఆగినా, బిడ్డ మత్తుగా పడి ఉన్నా వెంటనే ఆస్పత్రికి తీసుకుపొమ్మన్నాను. రాయిని తడిపి రెండు ప్లాస్టిక్ సంచుల్లో కట్టేశాను. ఇంటికి వెళ్ళి దంచిన చోటు తడిగుడ్డతో తుడిచి, ఆ గుడ్డను కూడా సంచిలో కట్టి పారేయమన్నాను. రెండు రోజుల తర్వాత ఆమె మళ్ళీ వచ్చింది. బిడ్డ చేతిలో బిస్కెట్టు ఉంది, అల్హమ్దులిల్లాహ్.