భేదాభిప్రాయమును వినుట

పఠన భాగములు: అపొస్తలుల కార్యములు 6:1-7, 15:1-41



మౌనము అర్ధాంగీకారమని పెద్దలందురు. సంఘ కూటములలో ఈ మాట ఎల్లప్పుడును నిజము కాదని నేను నష్టపడి నేర్చుకొంటిని. నేను కార్యదర్శిగా నున్న ఒక పల్లె సంఘములో బుధవారపు ప్రార్థన కూటమును సాయంకాలము ఆరు గంటలకు జరుపవలెనని కమిటీలో తీర్మానించితిమి. ఒక్కరును కాదనలేదు. ఏకగ్రీవమని పుస్తకములో వ్రాసికొంటిమి. నెల తిరుగకముందే కూటమునకు వచ్చు స్త్రీలు తగ్గిపోయిరి. వారికి భక్తి చల్లారినదని మేము మాటలాడుకొంటిమి. ఒక ఆదివారము ప్రసంగములోను ఆ మాట వచ్చెను. ఆ దినమున గుడి బయట ఒక వృద్ధురాలు నన్ను నిలువబెట్టి, “అయ్యా, ఆరింటికి మేము ఇంకా కూలి ఆటోలోనే ఉంటాము. ఇంటికొచ్చి పొయ్యి వెలిగించాలి. ఏడున్నరకు పెట్టండి, అప్పుడు రాకపోతే అడగండి” అనెను.

మా కమిటీలో నున్నవారమందరము ఉద్యోగస్తులము. మా ఏకగ్రీవము అందరి మాటను వినుటవలన కలిగినది కాదు. వేరుగా తలంచువారు ఆ గదిలో లేనందున కలిగినది. కావున ఈ నెల పాఠములో ఒక ప్రశ్నను విచారింతము: తలంపులు వేరైన మనుష్యులు కలిసి పని చేయుట ఎట్లు?

1. సణుగుడును విన్న పెద్దలు

ఆదిమ సంఘములో పుట్టిన మొదటి తగవులలో ఒకటి అన్నమును గూర్చినది. గ్రీకు భాష మాటలాడు యూదుల విధవరాండ్రకు అనుదిన పరిచర్యలో లోపము జరుగుచున్నదని వారి వైపు వారు సణిగిరి. ఇచ్చట భాషాభేదమున్నది, దానివెంట అనుమానమును ఉన్నది. అపొస్తలులు సణుగువారిని గద్దింపలేదు. తాము న్యాయముగానే చేయుచున్నామని వాదింపలేదు. శిష్యులందరిని సమకూర్చి, ఏడుగురిని మీరే ఏర్పరచుకొనుడని వారికే అప్పగించిరి.

ఏర్పరచబడినవారి పేళ్లను చదువుడి: స్తెఫను, ఫిలిప్పు, ప్రొకొరు, నీకానోరు, తీమోను, పర్మెనాసు, నీకొలాసు. ఇవన్నియు గ్రీకు పేళ్లు. అనగా ఫిర్యాదు వచ్చిన వైపు మనుష్యుల చేతికే పని వెళ్లినట్లు కనబడుచున్నది. “మీ బాధ విన్నాము” అని చెప్పుట సులభము. విన్నందుకు గుర్తుగా అధికారములో పాలు ఇచ్చుట కష్టము. వారు ఆ కష్టమైన దానిని చేసిరి.

2. యెరూషలేము సభలో మాట నడచిన క్రమము

పదునైదవ అధ్యాయములోని తగవు ఇంకను లోతైనది. అన్యజనులలోనుండి వచ్చిన విశ్వాసులు సున్నతి పొందవలెనా, అక్కరలేదా? ఇరుపక్షములవారును భక్తి గలవారే. ఈ సభలో ఎవరు ఏమి చెప్పిరో మనము తరచుగా చదువుదుము. ఏ క్రమమున చెప్పిరో గమనించుట మేలు.

మొదట, సున్నతి కావలెనన్న పరిసయ్యుల తెగవారు లేచి తమ మాటను సభలోనే చెప్పిరి. వారి నోరు ఎవరును మూయలేదు. చాల సేపు వాదము జరిగిన పిమ్మటనే పేతురు లేచెను. రెండవది, పేతురు తన అభిప్రాయముతో ఆరంభింపక, తన కన్నుల యెదుట జరిగినదానిని చెప్పెను. బర్నబాయు పౌలును అట్లే చేసిరి. అభిప్రాయమునకు అభిప్రాయము ఎదురైనప్పుడు గొంతులు పెరుగును. జరిగినదానిని చెప్పునప్పుడు చెవులు తెరచుకొనును. జనసమూహము ఊరకుండి ఆలకించెనని లూకా వ్రాయుచున్నాడు. మూడవది, యాకోబు తీర్పు చెప్పకముందు పేతురు మాటను తాను మరల చెప్పి, దానిని ప్రవక్తల మాటలతో సరిచూచెను. ఎదుటివాని మాటను మన నోట సరిగా తిరిగి చెప్పగలిగినప్పుడే దానిని విన్నామనవచ్చును.

తీర్మానమును గమనింపుడి. సున్నతి భారము అన్యజనులపై మోపబడలేదు. అయితే యూదులకు మిక్కిలి బాధ కలిగించు కొన్ని భోజన విషయములలో వారు జాగ్రత్తపడవలెనని అడుగబడిరి. ఒకరు తమ పట్టుదలను విడిచిరి. మరియొకరు తమ స్వేచ్ఛలో కొంత తగ్గించుకొనిరి. ఇరువురును ఒక్క పంక్తిని కూర్చుండుటకు దారి ఏర్పడెను.

ఇంకొక సంగతి. పత్రికను వ్రాసి పంపుటతో వారు ఊరకుండలేదు. నోటిమాటతోను తెలియజేయుటకు యూదాను, సీలను అంతియొకయకు పంపిరి. కాగితమును ప్రశ్న అడుగలేము, మనిషిని అడుగవచ్చును.

3. తరంగంబాడి నుండి మద్రాసు వరకు

ఈ క్రమము ఆ కాలముతోనే ముగియలేదు. మన దేశములోనే దీనికి గొప్ప దృష్టాంతమున్నది.

1910లో ఎడిన్‌బరో మహాసభలో వి. యస్. అజరయ్య అను తమిళ యువకుడు నిలిచి, మిషనెరీల త్యాగమును ఒప్పుకొనుచునే, వారు భారతీయులకు స్నేహితులుగా మెలగుటలో కొరతపడిరని ముఖముననే చెప్పెను. వినుటకు అది చేదుమాట. అయితే ఆయన భేదమును చెప్పి బల్లను విడిచి లేచిపోలేదు. తెలుగు నేర్చి, 1912లో దోర్నకల్ బిషప్పై, ఆ మిషనెరీలతోనే కలిసి పని చేసెను. 1939లో ప్రతిష్ఠింపబడిన దోర్నకల్ దేవాలయములో హిందూ, మహమ్మదీయ, క్రైస్తవ శిల్పరీతులు మూడును ఒక్క కట్టడములో కలిసి నిలిచియున్నవి.

1919 మే నెలలో ఆయనయు, వేరు వేరు సంఘముల నాయకులును తరంగంబాడిలో కూడి సంఘైక్యమును గూర్చి మాటలాడిరి. సంభాషణ ఇరువది యెనిమిది సంవత్సరములు సాగెను. ఆంగ్లికనులకు బిషప్పుల పరంపర ప్రాణము వంటిది. కాంగ్రిగేషనల్ వారికి స్థానిక సంఘపు స్వేచ్ఛ ముఖ్యము. ప్రెస్బిటేరియనులకు పెద్దల సభ ముఖ్యము. మెథడిస్టులకు తమ క్రమము తమకున్నది. ఒక్కరు గెలిచి తక్కినవారు ఓడియుండినయెడల ఐక్యము ఒక తరమైనను నిలిచెడిది కాదు.

మిక్కిలి కష్టమైన చిక్కు గురువుల అభిషేకమును గూర్చినది. బిషప్పు చేతులు ఉంచనివారిని గురువులుగా ఎట్లు ఒప్పుకొందుమని కొందరు, మా అభిషేకము తక్కువదా యని కొందరు. చివరకు ఇట్లు ఏర్పాటు చేసిరి: ఐక్యమగు సంఘములలోని గురువులందరు తిరిగి అభిషేకము లేకయే మొదటి దినమునుండి గురువులుగా ఎంచబడుదురు. ఇకమీదట జరుగు అభిషేకములు బిషప్పులచే జరుగును. మనస్సాక్షి ఒప్పని గురువును ఏ సంఘముపైనను బలవంతముగా మోపమని ప్రతిజ్ఞ చేయబడెను. ముప్పది సంవత్సరములు కలిసి పెరుగుటకు గడువుగా పెట్టిరి. అన్ని చిక్కులను ఒక్క దినముననే విప్పవలెనన్న ఆతురత వారికి లేదు. కలిసి జీవించుటవలననే తేలు సంగతులు కొన్ని గలవని వారు ఎరిగిరి.

1947 సెప్టెంబరు 27వ తేదీన మద్రాసు సెయింట్ జార్జి కథెడ్రలులో దక్షిణ ఇండియా సంఘము స్థాపింపబడెను. 1945 జనవరి 1వ తేదీననే కన్నుమూసిన అజరయ్య బిషప్పుగారు దానిని చూడలేదు. విత్తినవాడే కోయవలెనను నియమము సంభాషణకు లేదు.

4. కలిసిరాని చోట

సంభాషణ ప్రతి భేదమును తీర్చునని చెప్పినయెడల అది అబద్ధమగును. అదే పదునైదవ అధ్యాయము చివర పౌలును బర్నబాయు మార్కును గూర్చి తీవ్రముగా వాదించుకొని వేరైరి. సభలో అందరిని కలిపినవారే తమలో తాము కలువలేకపోయిరి. గ్రంథము దానిని దాచలేదు. అయినను ఇద్దరును పని మానలేదు. ఒకరు కుప్రకు, ఒకరు సిరియ కిలికియలకు వెళ్లిరి. తరువాతి కాలమున పౌలే మార్కును తన పరిచర్యకు ప్రయోజనకరుడని పిలిపించెను (2 తిమోతి 4:11). తలుపు వేయబడెను గాని గడియ పడలేదు.

1947లో నంద్యాల ప్రాంతపు ఆంగ్లికన్ సంఘములలో అనేకము ఐక్యమునకు బయటనే నిలిచెను. దశాబ్దములు గడచిన పిమ్మట, 1970 దశకములో, నంద్యాల దక్షిణ ఇండియా సంఘములో చేరెను. లూథరనులు, బాప్టిస్టులు నేటికిని వేరుగానే యున్నారు. అయినను 1964లో రాజమండ్రిలో ఆరంభమై తరువాత హైదరాబాదునకు మారిన ఆంధ్ర క్రైస్తవ వేదాంత కళాశాలలో ఈ సంఘముల విద్యార్థులు ఒక్క తరగతిలో కూర్చుండి చదువుదురు. ఒక్కటి కానివారును కలిసి పని చేయవచ్చునని ఇది సాక్ష్యము.

ముగింపు

భేదము సంఘమునకు శత్రువు కాదు. వినబడని భేదమే శత్రువు. అది గదిలో మాటలాడుటకు చోటు లేనప్పుడు గుమ్మము వెలుపల సణుగుడగును. అచ్చటను విననియెడల రాకపోవుటగా మారును. వినకముందే ఉత్తరమిచ్చుట మూఢత యని సామెతల గ్రంథము హెచ్చరించుచున్నది (18:13).

మా బుధవారపు కూటము ఏడున్నరకు మారెను. ఆ వృద్ధురాలిని కమిటీలోనికి తీసికొంటిమి. అప్పటినుండి మా తీర్మానములు మునుపటివలె త్వరగా కుదురుట లేదు. అయితే కుదిరినవి నిలుచుచున్నవి.

ఆలోచనకు ప్రశ్నలు

1. మీ సంఘపు కమిటీలో ఎవరి మాట ఇంతవరకు వినబడలేదు? వారిని ఎవరు, ఎప్పుడు అడుగుదురు?

2. మీతో ఏకీభవింపని ఒకరి మాటను, వారు “అవును, నేనన్నది అదే” యనునట్లు తిరిగి చెప్పగలరా?

3. మీ ఇంటిలోగాని సంఘములోగాని నేడు తేలని తగవునకు గడువు పెట్టి, కలిసి పని చేయుట సాధ్యమా? అందుకు మీరు విడువవలసినదేమి?