పెరటి పందిరిలో నికాహ్

కొత్తవలసలో నికాహ్ నిశ్చయమైన ఇంట్లో ఆడపిల్ల తండ్రి మమ్మల్ని పక్కకు పిలిచి అడిగారు: "మౌలానా సాబ్, హాలుకు అప్పు చేయాలి. పెరట్లోనే చేస్తే తప్పా?"

తప్పు కాదు. వధూవరుల అంగీకారం, సాక్షులు, మహర్ - వీటికి హాలు అక్కరలేదు. వలీమా విందు సున్నత్. అది వరుని బాధ్యత. వధువు ఇంట పెట్టేది అతిథి మర్యాద మాత్రమే. హిజ్రీ 7వ ఏట ఖైబర్ నుండి తిరిగివస్తూ, హజ్రత్ సఫియ్యా (రజి)తో వివాహానంతరం దైవప్రవక్త (స) ఇచ్చిన వలీమాలో రొట్టె, మాంసం లేవు. ఖర్జూరాలు, ఎండబెట్టిన పెరుగు, నెయ్యి వడ్డించారు.

కనుక లెక్క ఇలా వేసుకుందాం. ముందు చేతిలో ఉన్న సొమ్ము రాయాలి. అప్పును అందులో కలపరాదు. పెరట్లో పట్టేంతమందినే పిలవాలి. వంద మందికి బిర్యానీ అయితే బియ్యం పది, పన్నెండు కిలోలు. మాంసం, పందిరి, వంటవారి కూలి, నీళ్ళు, దీపాలు విడివిడిగా రాసి, పదోవంతు అనుకోని ఖర్చుకు ఉంచాలి. వరుడు మహర్‌ను ముందే తీసిపెట్టాలి. అది వధువు హక్కు (ఖుర్ఆన్ 4:4). కట్నానికి ఈ చిట్టాలో చోటు లేదు. 1961 నాటి చట్టం కూడా దాన్ని నిషేధించింది.

పిలుపుల్లో పేద పొరుగువారిని మరువరాదు. ధనికులను పిలిచి పేదలను వదిలేసే వలీమాను హదీసు చెడ్డ విందుగా పేర్కొంది.

పందిరి మర్నాడే విప్పేస్తారు. అప్పు మాత్రం చెల్లెళ్ళ పెళ్ళిళ్ళ దాకా వెంటాడుతుంది. అల్లాహ్ మన నికాహ్‌లను తేలికపరచి, వాటిలో బర్కత్ ప్రసాదించుగాక! ఆమీన్.