యంత్రాల ఒడంబడిక

పాఠ్యభాగ నేపథ్యం: వేర్వేరు ఆపరేటింగ్ సిస్టమ్‌లతో పనిచేసే కంప్యూటర్లు పరస్పరం సమాచారాన్ని ఎలా పంచుకుంటున్నాయో, అందుకు ఆధారమైన నియమాలు ఎలా రూపొందాయో ఈ పాఠం వివరిస్తుంది.

కంప్యూటరులోని పనులన్నింటినీ సమన్వయపరచే మూల ప్రోగ్రామును ఆపరేటింగ్ సిస్టమ్ అంటారు. విండోస్, యూనిక్స్, లినక్స్, ఆండ్రాయిడ్ మొదలైనవి ఈ కోవకు చెందినవే. వీటి పద్ధతులు ఒకటి కావు. రాతలో ఒక పంక్తి ముగిసిందని తెలపడానికి యూనిక్స్ ఒక సంకేతాన్ని వాడితే, విండోస్ రెండు సంకేతాలను వాడుతుంది. అయినా విండోస్ కంప్యూటరు నుంచి పంపిన లేఖ ఆండ్రాయిడ్ ఫోనులో అక్షరం చెదరకుండా తెరుచుకుంటుంది. అవి రెండూ ఒకే నియమాలను పాటించడమే ఇందుకు కారణం. ఈ నియమాలనే ప్రోటోకాల్‌లు అంటారు.

ఈ అంగీకారం సులభంగా కుదరలేదు. అమెరికా రక్షణశాఖ పరిశోధన విభాగం ఆర్పానెట్ అనే నెట్‌వర్క్‌ను నిర్మింపజేసింది. 1969 అక్టోబరు 29 రాత్రి లాస్ ఏంజెలిస్‌లోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం నుంచి స్టాన్‌ఫర్డ్ పరిశోధనా సంస్థకు తొలి సందేశం బయలుదేరింది. రెండు చోట్ల ఉన్న కంప్యూటర్లు వేరు. వాటి ఆపరేటింగ్ సిస్టమ్‌లూ వేరు. ‘లాగిన్’ అనే మాటకు ఆంగ్లంలో ఉన్న ఐదు అక్షరాలలో రెండు చేరగానే అవతలి యంత్రం స్తంభించింది. లోపాన్ని సవరించిన తరువాత, సుమారు గంటకు, ప్రయత్నం ఫలించింది.

అనంతరం మరికొన్ని నెట్‌వర్క్‌లు వెలిశాయి. రేడియో తరంగాలతో పనిచేసేది ఒకటి, ఉపగ్రహం ద్వారా నడిచేది ఇంకొకటి. పెద్ద కంపెనీలు తమ యంత్రాలకే సరిపడే నియమాలను తయారు చేసుకున్నాయి. ఆ ధోరణే నిలిచి ఉంటే ఒక కంపెనీ కంప్యూటరు గలవారు అదే కంపెనీ కంప్యూటరు గలవారితో మాత్రమే సంభాషించగలిగేవారు. 1974లో వింటన్ సెర్ఫ్, రాబర్ట్ కాన్ ప్రచురించిన పరిశోధన వ్యాసం దీనికి విరుగుడు చూపింది. ఏ నెట్‌వర్కూ తన అంతర్గత పద్ధతిని మార్చుకోనక్కరలేదు. సరిహద్దు దాటే సమాచారం మాత్రం అందరికీ తెలిసిన రూపంలో ఉంటే చాలు. ఇదే వారి ప్రతిపాదన సారాంశం.

ఈ ఆలోచన నుంచే టీసీపీ, ఐపీ అనే జంట నియమావళి రూపొందింది. పంపవలసిన సమాచారాన్ని ప్యాకెట్లనే చిన్న చిన్న భాగాలుగా విభజిస్తారు. ప్రతి ప్యాకెట్ మీద గమ్యస్థానపు చిరునామా వేసి దారి పట్టించడం ఐపీ పని. ఆ ప్యాకెట్లు వేర్వేరు దారులలో పోవచ్చు. వెనుకవి ముందుగా చేరవచ్చు. కొన్ని దారిలోనే తప్పిపోవచ్చు. సమాచారానికి వరుస సంఖ్యలు వేయడం, చేరనివాటిని మళ్లీ పంపడం, చేరినవాటిని క్రమంలో కూర్చడం టీసీపీ పని. దారం తెగి చెదిరిన తాళపత్రాలను వాటి అంకెలను బట్టి తిరిగి వరుసలో పెట్టడం వంటిదే ఇది.

సంఖ్యల విషయంలోనూ ఒక చిక్కు ఎదురైంది. పెద్ద సంఖ్యను దాచేటప్పుడు కొన్ని యంత్రాలు పెద్ద స్థానంతోనూ, మరికొన్ని చిన్న స్థానంతోనూ మొదలుపెడతాయి. ప్రాచీన శాసనాలలో శకవర్షాన్ని పదాలతో సూచించే సంప్రదాయం తెలిసినవారికి ఈ చిక్కు కొత్త కాదు. ‘నేత్ర’ శబ్దం రెండుకు, ‘వేద’ శబ్దం నాలుగుకు గుర్తు. ‘నేత్ర వేద’ అంటే 24 కాదు, 42. ఒకట్ల స్థానాన్ని ముందు చెప్పడం అక్కడి నియమం. అది తెలియకపోతే కాలమే తారుమారవుతుంది.

ఏ వరుస మేలన్న ఈ వివాదాన్ని డానీ కోహెన్ అనే శాస్త్రవేత్త 1980లో ‘గలివర్స్ ట్రావెల్స్’ లోని ఒక కలహంతో పోల్చాడు. గుడ్డును ఏ కొసన పగలగొట్టాలో తేలక రెండు రాజ్యాలు యుద్ధానికి దిగిన ఘట్టమది. ఏ వరుస గొప్పదన్నది కాదు, ఒకే వరుసకు అందరూ కట్టుబడటమే ముఖ్యమని అతడు వాదించాడు. ప్యాకెట్ మీది సంఖ్యలలో పెద్ద స్థానమే ముందుండాలని ఇంటర్నెట్ నియమాలు నిర్ణయించాయి. లోపల ఏ పద్ధతి ఉన్నా, గడప దాటేటప్పుడు ప్రతి యంత్రమూ ఈ వరుసనే పాటిస్తుంది.

1983 జనవరి 1న ఆర్పానెట్ టీసీపీ, ఐపీలకు మారింది. అదే సంవత్సరం బర్క్‌లీలోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం వెలువరించిన యూనిక్స్‌లో ఇవి భాగమయ్యాయి. 1995లో విండోస్ 95లోనూ చోటు పొందాయి. ఆ ఏడాదే ఆగస్టు 15న విదేశ్ సంచార్ నిగమ్ మన దేశ ప్రజలకు ఇంటర్నెట్ సేవను ప్రారంభించింది. ఈ వ్యాప్తికి నియమాల బహిరంగత ఎంతో తోడ్పడింది. వాటిని వివరించే పత్రాలను ఎవరైనా ఉచితంగా చదవవచ్చు; ఏ కంపెనీ అనుమతీ కోరకుండా ఆచరణలో పెట్టవచ్చు.

అయితే ఈ ఒడంబడికకూ పరిమితులున్నాయి. ఐపీ నాలుగవ రూపంలో సుమారు 430 కోట్ల చిరునామాలకే వీలుంది. వాటి కేంద్ర నిల్వ 2011 ఫిబ్రవరిలో ఖాళీ అయింది. ఆరవ రూపం అంతకంటే ఎన్నో రెట్లు చిరునామాలను సమకూరుస్తున్నా, పాతది నేటికీ వాడుకలో ఉంది. అందరూ కలిసి చేసుకున్న ఒప్పందాన్ని మార్చాలంటే మళ్లీ అందరూ కలిసిరావాలి. భేదాలను తుడిచివేయకుండా వాటి మధ్య వంతెన కట్టడం ఇంటర్నెట్ సాధించిన విజయం. ఆ వంతెనను అందరిదిగా నిలుపుకోవడం దానిని వాడుకొనేవారి బాధ్యత.

అర్థాలు
ఒడంబడిక = ఒప్పందం
కోవ = వరుస, తరగతి
విరుగుడు = పరిష్కారం
తాళపత్రం = రాయడానికి వాడే తాటాకు

ప్రశ్నలు
1. సెర్ఫ్, కాన్‌ల ప్రతిపాదనలోని ప్రధానాంశాన్ని వివరించండి.
2. శకవర్ష గణన ఉదాహరణ ద్వారా ఈ పాఠం తెలిపిన విషయమేమిటి?
3. నియమాలు ఒక కంపెనీ సొత్తుగా ఉంటే కలిగే నష్టాలను చర్చించండి.