పాతబస్తీ నడకకు ముందు

చిరంజీవి అమ్మలుకి,

 

నీ మెసేజ్ మీ పెద్దమ్మకు కూడా చదివి వినిపించాను. ఎం.ఏ. హిస్టరీలో చేరి నెల తిరక్కుండానే పాతబస్తీ హెరిటేజ్ వాక్‌కి పేరిచ్చావంటే నాకు చాలా సంతోషంగా ఉంది. పదిమంది జట్టు, ఒక గైడు, ఆదివారం పొద్దున నాలుగు గంటలు. "అంత తక్కువ టైమ్‌లో ఏం చూస్తాం పెద్దనాన్నా? ఫొటోలు దిగి రావడమేగా!" అన్నావు. హైదరాబాద్‌లో పాఠాలు చెప్పినన్నాళ్లూ విద్యార్థుల్ని ఆ వీధుల వెంట నడిపించినవాణ్ణి. ఫోన్లో రెండు ముక్కలు చెప్పి ఊరుకోలేక ఈ ఉత్తరం రాస్తున్నాను.

నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. నాలుగు గంటల్లో ఊరంతా చూసేయాలనుకుంటే ఏదీ సరిగ్గా చూడలేవు. అందుకని ఒకే ఒక్క ప్రశ్న పట్టుకుని నడువు: "ఇది ఇక్కడే ఎందుకుంది?" చార్మినార్ దగ్గరా, మసీదు ముందూ, గాజుల దుకాణంలోనూ ఇదే అడుగు. ఏ రాజు ఏ సంవత్సరంలో కట్టాడన్నది పుస్తకంలో దొరుకుతుంది. అక్కడే ఎందుకు కట్టాడన్నది ఆ చోట నిలబడి నాలుగు వైపులా చూస్తేగాని బోధపడదు. కాళ్లు నొప్పి పుట్టేలా నడవడానికి ఫలితం అదే.

శనివారం రాత్రి ఒక అరగంట హైదరాబాద్ మ్యాప్ ముందేసుకుని కూర్చో. పడమట గోల్కొండ, అడ్డంగా మూసీ, మూసీకి దక్షిణాన చార్మినార్. ఈ మూడింటినీ గుర్తుపట్టాక పురానాపూల్ ఎక్కడుందో వెతుకు. అది 1578లో ఇబ్రహీం కుతుబ్ షా కాలంలో కట్టిన వంతెన. మన తెలుగు కవులు మల్కిభరాముడని మురిపెంగా పిలుచుకున్న సుల్తాను ఆయనే. చార్మినార్ కట్టింది 1591లో. అంటే ఊరికన్నా ముందే వంతెన వచ్చిందన్నమాట. గోల్కొండ కోటలో జనం కిక్కిరిసి, నీళ్లకు కటకట పడుతున్న రోజుల్లో, నది దాటి కొత్త ఊరు కట్టుకోవడానికి దారి అప్పటికే సిద్ధంగా ఉంది. దీంతోపాటు మూడు కాలాలు గుర్తుంచుకుంటే చాలు: 1687 దాకా కుతుబ్ షాహీలు, ఆ తర్వాత కొన్నాళ్లు మొగలులు, 1724 నుంచి 1948 దాకా అసఫ్ జాహీలు. గైడు ఏ పేరు చెప్పినా అది ఏ కాలానిదో వెంటనే తెలుస్తుంది.

నడక బహుశా చార్మినార్ దగ్గరే మొదలవుతుంది. అందరూ ముందు దూరంగా నిలబడి మినార్లను చూస్తారు. నువ్వు మాత్రం లోపలికి వెళ్లి, నాలుగు కమాన్ల నడుమ నిలబడు. ఒక్కో కమానులోంచి ఒక్కో వీధి కనిపిస్తుంది. ముహమ్మద్ కులీ కుతుబ్ షా కొత్త రాజధానికి రూపం ఇచ్చినవాడు ఆయన పీష్వా, అంటే ప్రధానమంత్రి, మీర్ మోమిన్ అస్త్రాబాదీ. ముందు రెండు పెద్ద దారులు అడ్డంగా కలిసే చోటు నిర్ణయించి, ఆ కూడలిలో చార్మినార్ లేపి, దాని చుట్టూ ఊరిని పరిచారు. గోల్కొండ నుంచి బందరు రేవుకు పోయే వర్తకపు దారి ఈ కూడలి మీదుగానే సాగేది. నీ చిన్నప్పటి ఊరు బందరే ఆ రాజ్యానికి పెద్ద రేవు. కలంకారీ అద్దకపు బట్టలు అక్కడే ఓడలెక్కేవి. ఇంగ్లీషువాళ్లు 1611లో అక్కడే వర్తక స్థావరం పెట్టుకున్నారు. తూర్పు కమాను వైపు తిరిగి నిలబడినప్పుడు ఈ సంగతి గుర్తు చేసుకో. ఒక రాజధాని ఎక్కడ లేవాలో రాజు ఇష్టం ఒక్కటే తేల్చదు. దారులు, నీళ్లు, సరుకు కూడా తేలుస్తాయి.

మేడ ఎక్కనిస్తే తప్పకుండా ఎక్కు. మెట్లు ఇరుకు, మెలికలు తిరిగి ఉంటాయి, గోడ పట్టుకుని నెమ్మదిగా వెళ్లు. పైనుంచి చూస్తే ఆ నాలుగు దారులూ ఇంకా అలాగే సాగుతుండటం తెలుస్తుంది. అన్నిటికన్నా పై అంతస్తులో మసీదు ఉంది. నాలుగు వైపులా కనిపించే గడియారాలు మాత్రం 1889లో పెట్టినవి. ఒక కట్టడంలో ఏ భాగం ఏ నాటిదో విడదీసి చూడటం అక్కడి నుంచే అలవాటు చేసుకో.

ఉత్తరం వైపు కాస్త నడిస్తే చార్ కమాన్ వస్తుంది. నాలుగు దిక్కులా నాలుగు ఎత్తైన కమాన్లు, నడిమధ్య గుల్జార్ హౌజ్ అనే నీటి తొట్టి. చుట్టూ బంగారం, ముత్యాల దుకాణాలు. ఇక్కడ జనం గుల్జార్ హౌజ్‌ని చూసి ముందుకు సాగిపోతారు. నువ్వు పడమటి కమాను ముందు ఆగు. ఒకప్పుడు అది కుతుబ్ షాహీల రాజభవనాలకు ద్వారం. ద్వారం మిగిలింది, భవనాలు మిగల్లేదు. ఉన్నదాన్ని చూడటం ఎవరికైనా వస్తుంది. చరిత్ర చదివేవాళ్లకు లేనిది కూడా కనిపించాలి. ఇంత పెద్ద కమాను ఎవరి రాకపోకల కోసం, ఎంత ఊరేగింపు దాటడానికి కట్టి ఉంటారని ఆలోచిస్తే, అవతల ఉండిన భవనాల స్థాయి నీకే అందుతుంది.

గైడు భాగమతి కథ చెప్తాడు. వరదలో గుర్రమెక్కి నది దాటిన యువరాజు ముహమ్మద్ కులీ, ప్రియురాలు భాగమతి పేరు మీద భాగ్యనగరం. వినడానికి బాగుంటుంది, పూర్తిగా విను. తర్వాత నెమ్మదిగా, "ఇది మొదట ఎవరు రాశారండీ?" అని అడుగు. అక్బరు దూతగా దక్కనుకు వచ్చిన ఫైజీ, చరిత్రకారుడు ఫెరిష్తా రాతల్లో ఈ ప్రస్తావన ఉంది. మన కాలంలో హరూన్ ఖాన్ షెర్వానీ ఆ కథను ఒప్పుకోలేదు, నరేంద్ర లూథర్ ఒప్పుకున్నారు. ఇద్దరూ చదువుకున్నవాళ్లే, ఇద్దరూ ఆధారాలు చూపించినవాళ్లే. చార్మినార్ ఎందుకు కట్టారన్నదీ అంతే. మహమ్మారి తగ్గినందుకు గుర్తుగా అని కొందరంటారు, హిజ్రీ వెయ్యో సంవత్సరం వచ్చిన సందర్భంగా అని ఇంకొందరంటారు. కథను కథగా ఒక పేజీలో, ఆధారాన్ని ఆధారంగా ఎదుటి పేజీలో రాసుకో. కథను చులకన చేయకు. ఊరివాళ్లు తమ ఊరి గురించి ఏం చెప్పుకోవడానికి ఇష్టపడతారో అందులోనే తెలుస్తుంది.

మక్కా మసీదు దగ్గర సమయం చూసుకుని వెళ్లాలి. నమాజు వేళ లోపలికి పోవద్దు. చెప్పులు విప్పి, తలమీద చున్నీ కప్పుకుని, గొంతు తగ్గించి నడువు. ముహమ్మద్ కుతుబ్ షా మొదలుపెట్టిన ఆ మసీదు ఔరంగజేబు పాలనలో, 1694లో పూర్తయింది. మొదలుపెట్టిన వంశం అప్పటికే అధికారం పోగొట్టుకుంది. ఆవరణలో అసఫ్ జాహీ పాలకుల సమాధులున్నాయి. ఒకే ప్రాంగణంలో మూడు రాజ్యాల ఆనవాళ్లు! శనివారం రాత్రి గుర్తు పెట్టుకోమన్న ఆ మూడు కాలాలు ఇక్కడ నీ కళ్ల ముందుంటాయి.

అసఫ్ జాహీల చౌమహల్లా భవనాన్ని ఆ పొద్దున హడావుడిగా చూడాల్సి వస్తే పెద్దగా బాధపడకు. దర్బారు హాలు చూసి వచ్చేయి, మిగతాది ఇంకోరోజు చూడొచ్చు. శుక్రవారం మాత్రం మూసి ఉంటుంది.

ఎక్కువసేపు ఆగాల్సిన చోటు లాడ్ బజార్. పొద్దున్నే చాలా దుకాణాలు తెరవరు, అందుకే నడక చివర్లో తీసుకెళ్లమని గైడుని అడుగు. కొనడానికి ముందు, వెనక సందుల్లో గాజులు చేసే ఇల్లు ఒకటి చూపించమను. లక్క ముద్దను బొగ్గుల కుంపటి మీద వెచ్చచేస్తారు. మెత్తబడగానే చేత్తో సాగదీసి సన్నటి కడ్డీ చేస్తారు. కావలసినంత తుంచి, గుండ్రంగా వంచి, రెండు కొసలూ అతికి, కర్రకు ఎక్కించి కొలత సరిచేస్తారు. మళ్లీ వేడి చూపించి, లక్క ఇంకా మెత్తగా ఉండగానే ఒక్కొక్క రాయినీ అద్దుతారు. చల్లబడితే రాయి పట్టదు, వేడి మించితే ఆకారం పోతుంది. ఆ చేతుల వేగం చూశాక గాజుల ధర గురించి బేరమాడటానికి నీకు మనసొప్పదు. హైదరాబాద్ లక్క గాజులకు 2024లో భౌగోళిక గుర్తింపు దక్కింది. ఇక్కడ కూడా మన ప్రశ్న అడుగు. ఒక పక్క రాజభవనాలు, ఇంకో పక్క నాలుగు దారుల కూడలి. కొనేవాళ్లు నడిచి వచ్చే దూరంలో ఉన్నారు కాబట్టే ఈ పని ఇక్కడ వేళ్లూనుకుంది. చేసేవాళ్ల ఫొటో తీసే ముందు అడుగు. "ఆపా", "భయ్యా" అని పిలిచి పలకరిస్తే చాలా మాటలు చెప్తారు. నీ ఉర్దూ తప్పుల తడకైనా ఫర్వాలేదు, అక్కడ తెలుగు అర్థం చేసుకునేవాళ్లకు కొదవ లేదు.

జట్టు మూసీ మీది నయాపూల్ వైపు సాగితే దారిలో పత్తర్‌గట్టి వస్తుంది. రెండు పక్కలా ఒకే తీరున కట్టిన రాతి కమాన్ల దుకాణాలు, ముందు వసారా. పాత ఊళ్లో ఇంత వరసగా, ఇంత కొలతగా ఒక వీధి ఎలా వచ్చిందని నీకు అనుమానం రావాలి. జవాబు మూసీ దగ్గరుంది. 1908 సెప్టెంబర్ 28న మూసీ పొంగి వేలమందిని పొట్టన పెట్టుకుంది. నది మీది వంతెనలు మూడు కొట్టుకుపోయాయి, నువ్వు మ్యాప్‌లో వెతికిన పురానాపూల్ నిలిచింది. ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలోని ఒక చింతచెట్టు పట్టుకుని నూట యాభై మంది దాకా ప్రాణాలు దక్కించుకున్నారని చెప్తారు. ఆ చెట్టు ఇప్పటికీ ఉంది. వరద తర్వాత మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారిని పిలిపించారు. ఆయన సలహా మేరకు ఎగువన 1920 నాటికి ఉస్మాన్ సాగర్, 1927 నాటికి హిమాయత్ సాగర్ కట్టారు. 1912లో ఏర్పడిన సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఇరుకు బస్తీలను తొలగించి వీధులు వెడల్పు చేసింది. పత్తర్‌గట్టి ఆ పని ఫలితమే. ఏ నది కోసం ఊరు ఇక్కడికి వచ్చిందో, ఆ నది దెబ్బకే ఊరు మళ్లీ కట్టుకోవలసి వచ్చింది. ఆ వసారాలో నిలబడితే 1578 నుంచి 1927 దాకా ఒకే వరసలో అర్థమవుతుంది.

చిన్న జట్టుతో వెళ్లడంలో ఉన్న మేలు వదులుకోకు. నలభైమంది బస్సులో గైడు మైకులో చెప్పింది వినడమే మన వంతు. పదిమంది ఉన్నప్పుడు ఆగమనొచ్చు, మళ్లీ చెప్పమనొచ్చు, ఇంకో సందులోకి తీసుకెళ్లమనొచ్చు. అయితే గైడుని పరీక్ష పెట్టినట్టు ప్రశ్నలు వేయకు. ఆయన చెప్పడం ముగించాక అడుగు. నీకు తెలిసిన తేదీ వేరైతే అందరి ముందూ ఖండించకు, నడుస్తున్నప్పుడు పక్కన చేరి మాట్లాడు. జట్టులో పెద్దవాళ్లుంటే వాళ్ల అడుగుకు సరిపడా నడువు. ఆ పాతబస్తీలోనే పెరిగినవాళ్లెవరైనా జట్టులో ఉంటే మాత్రం వాళ్ల పక్కనే ఉండు. గైడుకి తెలియని ఇళ్ల సంగతులు వాళ్ల దగ్గర దొరుకుతాయి. ఫోన్‌తో ఫొటోలు తీసుకో, కానీ ఒక్కోచోట ముందు కాసేపు ఉత్త కళ్లతో చూసి, ఆ తర్వాతే ఫోన్ బయటికి తియ్యి.

నడక అయ్యాక అందరితో కలిసి ఇరానీ చాయ్ తాగు. ఎవరికి ఏది నచ్చిందో విను. ఒకే వీధిని పదిమంది పదిరకాలుగా చూసి ఉంటారు.

హాస్టల్‌కి వెళ్లాక నిద్రపోయే ముందు ఒక పని తప్పకుండా చెయ్యి. గూగుల్ మ్యాప్ చూడకుండా, నువ్వు నడిచిన దారిని కాగితం మీద గియ్యి. నది, వంతెన, నాలుగు దారులు, కమాన్లు, మసీదు, గాజుల సందు, రాతి వీధి. ఒక్కోదాని పక్కన "ఇక్కడే ఎందుకు?" అన్నదానికి ఒక్క వాక్యం రాయి. ఎక్కడ వాక్యం రాకపోతే, మళ్లీ వెళ్లాల్సింది అక్కడికే. బాద్‌షాహీ ఆషుర్‌ఖానాలోని రంగు పలకల పనికి ఒక పూట, సాలార్‌జంగ్ మ్యూజియానికి ఒక రోజు విడిగా పెట్టుకో. జట్టుతో నడక దారి చూపిస్తుంది, చదువు మాత్రం ఒంటరిగా రెండోసారి వెళ్లినప్పుడే మొదలవుతుంది.

ఇంకొక్క మాట. పాత ఊరు ఎక్కడికీ పోదులే అని వాయిదా వేయకు. నవాబుల పాత మేడలు, దేవిడీలంటారు, ఎన్నో ఇప్పటికే నేలమట్టమై, వాటి చోట కాంప్లెక్సులు లేచాయి. నువ్వు ఆదివారం చూసిన గుమ్మం, గచ్చుపని, చెక్క కిటికీ మరో పదేళ్లకు ఉంటాయన్న హామీ లేదు. అందుకే చూసింది చూసినట్టు, తేదీ వేసి రాసి పెట్టు. నీ తర్వాత వచ్చే విద్యార్థికి ఆ రాతే ఆధారం కావచ్చు.

గీసిన పటం నాకు పంపు, ఎదురుచూస్తుంటాను.

ఆశీస్సులతో,
పెద్దనాన్న