అప్పీలుదారు రాకపోతే అప్పీలు ఏమవుతుంది?

బంట్రోతు పేరు పిలిచాడు, అప్పీలుదారూ లేడు, వకీలూ లేడు. అప్పుడు కోర్టు ఏం చేయవచ్చు? సివిల్ ప్రొసీజర్ కోడ్, 1908లోని ఆర్డర్ 41, రూల్ 17 ప్రకారం గైర్హాజరు కారణంగా అప్పీలును కొట్టివేయవచ్చు. పరీక్ష రాసే అభ్యర్థులు తడబడేది ఇక్కడే: ఆ కారణం మీద కొట్టివేయవచ్చు గానీ, కేసు గుణదోషాల్లోకి వెళ్లి కొట్టివేయకూడదు. 1976 సవరణ చేర్చిన వివరణ ఈ సంగతిని స్పష్టం చేసింది. ఇది చిన్న తేడా కాదు. గుణదోషాలపై తీర్పు వస్తే కక్షిదారు మాట వినకుండానే అతని హక్కు తేలిపోతుంది. గైర్హాజరు కొట్టివేతకైతే రూల్ 19 కింద పునరుద్ధరణ కోరవచ్చు. రాలేకపోవడానికి తగిన కారణం చూపాలి. గడువు కొట్టివేసిన తేదీ నుంచి 30 రోజులు (కాలపరిమితి చట్టం 1963, ఆర్టికల్ 122). దాన్నీ నిరాకరిస్తే ఆర్డర్ 43, రూల్ 1(టి) కింద అప్పీలు ఉంది.

రాని వ్యక్తి ప్రతివాది అయితే విచారణ ఎక్స్‌పార్టీగా సాగుతుంది. మళ్లీ విచారణ కోరడానికి అతనికి ఆర్డర్ 41లోని రూల్ 21 దిక్కు.

వకీలు రాకపోతే కక్షిదారు నష్టపోవాలా? అక్కర్లేదని రఫీక్ వర్సెస్ మున్షీలాల్ (1981) కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఊళ్లో ఉండి వకీలునే నమ్ముకున్న రైతుకు ఈ తీర్పు పెద్ద అండ. కేసు పేరు, సంవత్సరం రెండూ గుర్తుంచుకోండి.